గంటసేపు బయటికి పోయిన కోడలు

నమోదు 1, గురువారం

"ఎవలు పోయిన్రమ్మా?" అని అడిగాడు బట్టల దుకాణాయన, తెల్లగుడ్డ కొలుస్తూనే.

"ఇంక ఎవలు పోలే. అయితారం సినిమా ఉన్నది. అది అయినంక సూడాలె" అన్నాను.

ఆయన నవ్వలేదు. ఆ దుకాణానికి నవ్వించడానికి ఎవరూ రారు. సిరిసిల్ల సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద, ఇప్పుడు నేసేదంతా చూపుగుడ్డే. మనం దాన్ని చూస్తుంటే అది మనల్ని చూస్తుంది. కనుపాప ఎక్కడ బెదిరిందో, నాడి ఎక్కడ తడబడిందో కనిపెట్టి, కథను మన మనసుకు హాయిగా ఉండేటట్టు అప్పటికప్పుడు మలుచుకుంటుంది. చూపు లేని ఉత్త తెల్లగుడ్డను ఒక్క శవాల కోసమే నేస్తున్నారు. చచ్చినవాళ్ళకు ఏం నచ్చుతుందో తెలుసుకోవలసిన పని ఎవరికీ లేదు గనక.

నాకు తెర కావాలి. ఆరు గజాలు తీసుకున్నాను. "దేవుడు మీకు ధైర్యమియ్యాలె" అని ఆయన కర్పూరం బిళ్ళలు ఊరికే ఇచ్చాడు. ప్రయోగాత్మక చిత్రరంగానికి ఈ జిల్లాలో ఇంతవరకు అందిన సాయం అదే.

ఈ నమోదులు ప్రేక్షక సౌఖ్య శాఖ వారి ఉత్తర్వు ప్రకారం రాస్తున్నాను. మారని సినిమా తీసేవాళ్ళు రోజువారీ సంగతులు రాసిపెట్టాలట. చూసినవాళ్ళకు ఏమన్నా అయితే ఎందుకైందో తెలియాలి కదా. నా పేరు దూస శమంత. నలభై దాటాయి. నేను చేసే ప్రయోగం ఏమిటో వివరంగా రాయమన్నారు. రాస్తున్నాను: నా సినిమా ఎవరు చూసినా ఒక్కతీరుగానే ఉంటుంది. వివరం అయిపోయింది.

పద్ధతి కూడా రాయమన్నారు. కెమెరా మా తాత పెళ్ళిళ్ళు తీసిన కాలం నాటిది. దానికి బుర్ర లేదు. ఎదురుగా ఏముంటే అదే తీస్తుంది. ఆ గుణం ఈ రోజుల్లో యంత్రాల్లోనే కాదు, మనుషుల్లోనూ కరువైంది. దాన్ని ఒక స్టూలు మీద పెడతాను. ఇక ముట్టుకోను. దీన్ని హైదరాబాదులో ఒక విమర్శకుడు 'నిశ్చల దృష్టి' అని మెచ్చుకున్నాడు. అసలు సంగతేమిటంటే ఆ స్టూలుకు ఒక కాలు పొట్టి. కదిలిస్తే పడుతుంది.

ఇంతకుముందు తీసినవి: ఉడుకుతున్న కందిపప్పు ఒకటి, ఆరుతున్న నూలు ఒకటి. పప్పు సినిమాను నాకు చెప్పకుండా ఎవరో చూపుగుడ్డ మీదికి ఎక్కించారు. కాసేపటికి పప్పులోంచి హీరో లేచాడట. బాగుందన్నారు.

నమోదు 2, ఆదివారం

మధ్యాహ్నం మూతపడ్డ సాంచాల షెడ్డులో ఆట వేశాను. కిటికీలకు గోనెసంచులు కట్టి, తెల్లగుడ్డ గోడకు బిగించాను. మా గల్లీ వాళ్ళు ఇరవై మంది దాకా వచ్చారు. అందరూ ఒకే దిక్కు తిరిగి కూర్చోవాలని ఒప్పించేసరికి తలప్రాణం తోకకొచ్చింది. ఇంట్లో నలుగురుంటే నాలుగు గోడలకు నాలుగు చూపుగుడ్డలు, నాలుగు వీపులు ఒకదానికొకటి. ఆ అలవాటు మీద వచ్చినవాళ్ళు.

"మరి నా గుడ్డ ఏది?" అని అడిగింది ఒకావిడ.

"అందరికి గదొక్కటే."

"గదేం లెక్క? ఆయన సూసేది నేనెందుకు సూడాలె?"

సినిమా పేరు 'గంటసేపు'. కథ అరచేయంత. మంచంలో అత్త. కోడలు ఆమెకు ఇంత జావ తాగించి, గంటసేపని జాతరకు పోతుంది. కెమెరా కోడలి వెంట పోదు, మంచం దగ్గరే ఉంటుంది. ముసలామె నీళ్ళు అడుగుతుంది. ఎవరూ లేరు. మళ్ళీ అడుగుతుంది. తర్వాత అడగడం మానేస్తుంది. చేతినిండా కొత్త గాజులతో కోడలు తిరిగొచ్చి, గుమ్మంలో ఆగుతుంది. అంతే. కోడలిగా నేనే చేశాను, నాకు డబ్బులివ్వనక్కర్లేదు కాబట్టి. అత్తగా మా గల్లీ చివరి కనకవ్వ చేసింది. డెబ్బై దాటిన మనిషి. చావడం బాగా చేసింది.

ముసలామె నీళ్ళు అడగ్గానే షెడ్డులో అందరూ కళ్ళు పెద్దవి చేసి తెరవైపు వంగారు. అలా చేస్తే ఇంట్లో గుడ్డ సర్దుకుంటుంది, ఎవరో ఒకరు చెంబుతో వచ్చేస్తారు. ఇక్కడ ఎవరూ రాలేదు.

"ఇరుక్కున్నట్టున్నది" అన్నారు వెనక నుంచి.

"గట్టిగ సూడుర్రి. మారుతది."

గట్టిగా చూశారు. కనకవ్వ చచ్చిపోయింది. పక్కనే బతికున్న కనకవ్వ "ఔ, సచ్చిన" అని తల ఊపింది.

ఆట అయిపోయాక ఎవరూ లేవలేదు. తర్వాత ఎవరో "గా పిల్ల గట్ల ఎట్ల వోతది?" అన్నారు. "పోతె ఏమాయె? గంటనే గద" అని ఇంకొకరు. ఇద్దరూ ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. తాము చూసిందే అవతలి మనిషి కూడా చూశాడని అప్పుడు తట్టింది. ఈ ఊళ్ళో ఒక తరంగా జరగని పని అది. ఆ ఆనందంలో వెంటనే కొట్లాట మొదలుపెట్టారు.

అందరికంటే గట్టిగా లేచిన గొంతు నాంపెల్లిది. మా పక్కింటాయన. సాంచాలు రిపేరు చేస్తాడు. మామూలుగా అయితే పని చేసే సాంచాకైనా ఎదురు చెప్పడు. "పానం వోయేటప్పుడు గుక్కెడు నీళ్ళు వొయ్యంది కోడలా? మనిషా?" అన్నాడు.

ఆయన భార్య సుగుణ పక్కనే ఉంది. చిన్నప్పటి నుంచి నాకు స్నేహితురాలు. ఆమె లేచి, కొంగు దులుపుకొని, ఎవరినీ చూడకుండా బయటికి వెళ్ళిపోయింది.

గొప్ప స్పందన అని నేను సంతోషించాను. దాచడమెందుకు?

నమోదు 3, సోమవారం

పొద్దున్నే సుగుణ సంచితో వచ్చింది. "నాలుగొద్దులు ఈడనే ఉంట" అంది. ఎందుకని నేను అడగలేదు, ఆమె చెప్పలేదు. నేరుగా వంటింట్లోకి వెళ్ళి, నా గిన్నెలు చూసి, వాటిని మళ్ళీ తోమింది. నా కళ చూపిన మొదటి ప్రభావం: ఇంట్లో ఒక కంచం పెరిగింది.

సంచి ఆమే విప్పి సర్దుకుంది. చీరలు, దువ్వెన, తలనొప్పి మాత్రలు, చిలుము పట్టిన చెంబు ఒకటి ఉన్నాయి. చూపుగుడ్డ లేదు. పళ్ళపొడి మరిచిపోయి వచ్చేవాళ్ళుంటారు గాని చూపుగుడ్డ మరిచిపోయేవాళ్ళుండరు. దాన్ని వారానికోసారి కుంకుడు రసంలో నానబెట్టి నీడన ఆరేసి, పసిపిల్లలా చూసుకుంటారు. లేకపోతే అలుగుతుంది, కథలో వానలు ఎక్కువ పెడుతుంది.

అప్పుడు గుర్తొచ్చింది నాకు. నాంపెల్లి తల్లి లసుమవ్వ పోయి పదేళ్ళ పైనే అయింది. ఆమె పోయినప్పుడు నాంపెల్లి పనిమీద ఉన్నాడు. సుగుణ కూడా ఇంట్లో లేదు. తిరిగొచ్చేసరికి ప్రాణం లేదు. ఆ రోజు సుగుణ ఎక్కడికి పోయిందో గల్లీలో ఎవరికీ తెలియదు. ఆ తర్వాత ఆ ఇంట్లో దాని ఊసే ఎత్తలేదని అందరికీ తెలుసు.

ఇది తెలిసి కూడా నేను ఆ కథ తీశానా? తెలియకే తీశాను. మనసులో ఎక్కడో పడి ఉన్నది నా చేతిలోంచి వచ్చింది. దీన్ని విమర్శకులు 'అంతర్లీన స్మృతి' అంటారు. సుగుణ ఏమంటుందో అడిగే ధైర్యం నాకు లేదు.

నమోదు 4, బుధవారం

కనకవ్వ కర్ర పొడుచుకుంటూ వచ్చింది, మహా కోపంగా.

"నీ సినిమా పాడుగాను. నేను ఏ ఇంటి ముంగటికెల్లి వోయినా చెంబుతోని ఉరికొస్తున్రు. తాగు అవ్వా, తాగు అవ్వా అని. వద్దంటె ఏడుస్తున్రు. తాగితె దినమంత ఒంటికి వోవుడే సరిపోతున్నది."

"మంచిదే గదవ్వా, జనం మారిన్రు."

"నీళ్ళు వోసెటోళ్ళే మారిన్రు. ఒక్కలన్న చాయ్ వోసిన్రా?"

గల్లీ మొత్తం రెండుగా చీలింది. కోడలిది తప్పన్నవాళ్ళు పంపు దగ్గర ఒక పక్క, తప్పు కాదన్నవాళ్ళు ఇంకో పక్క. నేను కనబడితే మొదటి పక్షం మొహం తిప్పుకుంటుంది, ఎందుకంటే జాతరకు పోయింది నేనే కదా. కూరగాయలామె నాకు వంకాయలు ఏరి ఇవ్వడం మానేసింది. పుచ్చులన్నీ నాకే. నటన బాగా కుదిరిందనడానికి ఇంతకు మించిన బహుమతి లేదు.

నాంపెల్లి రోజూ సాయంత్రం మా గుమ్మం ముందు నుంచి పోతాడు. ఆయన పనికి పోయే దారి అటువైపు. అయినా ఇటు తిరిగే పోతాడు. సుగుణ లోపల నూలు కండెలు చుట్టుకుంటూ ఉంటుంది. చెప్పుల చప్పుడు వినగానే ఆమె చేతిలో నూలు ఆగుతుంది. దాటిపోగానే మళ్ళీ తిరుగుతుంది.

నమోదు 5, గురువారం

సౌఖ్యాధికారి ప్రణీత్ గారు వచ్చారు. ఇస్త్రీ నలగని మనిషి. స్టూలు మీద కూర్చోబోతే ఆపాను. పొట్టికాలు సంగతి చెబితే, ప్రమాదకర వస్తువని రాసుకున్నారు.

"మీ చిత్రం గురించి మాకు చాలా ఫిర్యాదులొచ్చాయి. చిత్రం పూర్తి కావడం లేదట."

"పూర్తయింది సార్. ఆమె చచ్చిపోయింది."

"అదేనండీ. చావు దగ్గర ఆగిపోతోందంటున్నారు. తర్వాత ఏదో రావాలి కదా. ప్రేక్షకులకు ఊరట అందడం లేదు. కొంతమందికి నిద్ర పట్టడం లేదు. ఒక జంట విడిగా ఉంటోందని కూడా సమాచారం."

వంటింట్లో గిన్నె చప్పుడైంది. ఆయన అటు చూడలేదు. చూపుగుడ్డలు చూసుకొనేవాళ్ళకు పక్కకు చూసే అలవాటు ఉండదు.

"మేం మీ కళను గౌరవిస్తాం. అందుకే మారుస్తామంటున్నాం" అన్నారు ప్రణీత్ గారు ఎంతో మర్యాదగా. "చిత్రాన్ని మాకు ఇచ్చేయండి, చూపుగుడ్డకు ఎక్కిస్తాం. కోడలు తప్పు చేయలేదనుకొనేవారికి తప్పు చేయనట్టు కనిపిస్తుంది. చేసిందనుకొనేవారికి ఆమె పశ్చాత్తాపపడి కాళ్ళ మీద పడుతుంది. అత్తగారు బతకాలనుకుంటే బతుకుతారు. మీ పేరు పెద్ద అక్షరాల్లో వేస్తాం."

"ఒప్పుకోకపోతే?"

"ఒప్పుకోకపోవడం మీ స్వేచ్ఛ. సోమవారం వచ్చి కెమెరా తీసుకెళ్తాం."

సోమవారం అంటే నాలుగు రోజులు. ఆయన వెళ్తూ వెళ్తూ గుమ్మంలో ఆగి, "ఇంతకీ ఆ కోడలు జాతర నుంచి కాస్త ముందే ఎందుకు రాలేదండీ?" అని అడిగారు. అధికారికంగా కాదట. ఊరికే.

నమోదు 6, శుక్రవారం

సుగుణ సంతకు పోయిన సమయం చూసి నాంపెల్లి వచ్చాడు. గడప దాటలేదు. చేతుల నిండా సాంచాల నూనె.

"శమంత చెల్లే, ఒక మాటడుగుత. కోపానికి రావు గద?"

"చెప్పు నాంపెల్లన్న."

"ఆ ఆఖరుది జర మార్చరాదా? ఆ పిల్ల టైముకు వచ్చినట్టు వెట్టు. నీళ్ళు వోసినట్టు వెట్టు. గంతే. మిగతాదంత నీ ఇష్టం."

"ఎందుకన్న?"

ఆయన నూనె చేతులు లుంగీకి తుడుచుకున్నాడు. "నేనేదో నోరుజారిన. గది ఆమెననలే. సినిమాల పిల్లనన్న. కని ఆమెకు గట్లనే తాకింది. ఇప్పుడు నా మాట ఆమె వినదు. సినిమా మారితె ఆమెనే మల్ల వస్తది. ఇంట్ల రెండు గుడ్డలు, ఒక్క మనిషి. బువ్వ సయిస్తలేదు చెల్లే."

"సుగుణ దగ్గరికి వోయి అడగరాదా, ఆ దినం యాడికి వోయినవని?"

ఆయన నన్ను వింతగా చూశాడు. నేను అడిగింది ఆయనకు అర్థమైంది. అదే కష్టం.

"ఆమె ఏమన్న జెప్తె, నేనేం జెయ్యాలె?" అన్నాడు. అని వెళ్ళిపోయాడు.

ఇరవై ఏళ్ళుగా నేను ఊదరగొడుతున్న సిద్ధాంతం ఒకటుంది. తీసింది మార్చకూడదు, చూసేవాడి కన్నీళ్ళకు లొంగకూడదు, వగైరా. హైదరాబాదు సభల్లో చెప్పినప్పుడు గట్టిగా చప్పట్లు పడేవి. అక్కడెవరికీ బువ్వ సయించకపోవడం లేదు కాబట్టి చెప్పడం తేలిక. నాంపెల్లి చెప్పుల చప్పుడు గల్లీ చివర ఆగిపోయేలోపే నా సిద్ధాంతం సగం కరిగింది. మిగతా సగం అన్నం వండేలోపు కరిగింది.

నమోదు 7, శనివారం

మార్చడానికే నిశ్చయించుకున్నాను. రాయక తప్పదు, రాస్తున్నాను. సుగుణ నూలు కోసం బయటికి వెళ్ళగానే కనకవ్వను పిలిపించి మంచంలో పడుకోబెట్టాను. కెమెరా పెట్టి, నేను చెంబుతో గుమ్మంలో నిలబడ్డాను.

"అవ్వా, నేను ఉరికొచ్చి నీళ్ళు తాపిస్త. నువ్వు తాగి, కండ్లు తెరిచి, నా తల నిమురు."

"మల్ల నీళ్ళా?" అంది కనకవ్వ ఏడుపు గొంతుతో.

రెండు అడుగులు వేశానో లేదో, సుగుణ వచ్చేసింది. మంచం, చెంబు, కెమెరా, నా చేతులకు లేని గాజులు, అన్నీ ఒక్కసారే చూసింది. నూలు మూటను కింద పెట్టింది.

"ఏం జేస్తున్నవ్?"

"ఏంలే. ఆఖరుది జర సదురుతున్న."

"ఎవలు జెప్పిన్రు?"

నేను పక్కింటి వైపు చూశాను. ఆమెకు తెలిసిపోయింది. నా చేతిలో చెంబు లాక్కుని కిటికీలోంచి నీళ్ళు పారబోసింది.

"పదేండ్ల నుంచి నా గుడ్డల ఏ కథ వెట్టినా కోడలు ఇంట్లనే ఉంటది, తెలుసా నీకు? వంగి వంగి సేవ జేస్తది. నేను అడుగలే. నా గుండె ఎట్ల కొట్టుకుంటదో సూసి అదే వెడుతది. అటువక్క గోడకు ఆయన గుడ్డల ప్రతి కథల కొడుకు టైముకు అందుకుంటడు. నేను సూడలే. ఆయన మొకం జూస్తె తెలుస్తది. గిట్ల ఎదురెదురు గోడలకు మొకాలు వెట్టి బతికినం. మొన్న నీ షెడ్డుల ఇద్దరం ఒక్కటే గుడ్డ దిక్కు సూసినం. ఆ పిల్ల రాలే. ఎంత సూసినా రాలే. నాకు మంచిగనిపిచ్చింది."

"మంచిగనా?"

"ఔ. ఒక్కలన్న నాకు అబద్దం జెప్పకుంట ఉన్నరనిపిచ్చింది. ఇప్పుడు నువ్వు గూడ చెంబు వట్టుకున్నవ్."

మంచంలో కనకవ్వ చచ్చినట్టే పడుకొని ఉంది. ఈసారి నటన కాదు, లేస్తే ఏమవుతుందోనని.

నేను అడిగాను. అడగడానికి వారం పట్టింది. "ఆ దినం యాడికి వోయినవే?"

"బస్టాండుకు. నాకోసం ఎవలు వచ్చేది లేదు, నేను యాడికి వోయేది లేదు. ఉత్తగ బెంచి మీద కూసున్న. చాయ్ తాగిన. గంతే." ఆమె కింద కూర్చొని మూట విప్పడం మొదలుపెట్టింది. "ఆరు నెలలాయె ఆమె మంచంల వడి. నాకు నిద్దర లేదు. ఆమెనే పొమ్మన్నది. మొకం వాడిపోయిందే, పోయి జర గాలి పీల్చుకొని రా అన్నది. పోయిన. వచ్చేసరికి లేదు."

"నీళ్ళు..."

"నీళ్ళు అడిగిందో లేదో ఎవలకెరుక? నువ్వు అడిగినట్టు వెట్టినవ్. గప్పటికెల్లి ఆయన చెవుల గదే ఉన్నది. వాళ్ళమ్మ నీళ్ళు నీళ్ళు అనుకుంట సచ్చిందని. ఆమె నవ్వుకుంట పడుకున్నది శమంతా. నేను సూసిన గద. మొకం నవ్వుకుంటనే ఉన్నది."

నా 'నిశ్చల దృష్టి' ఏం చూడలేదో అప్పుడు తెలిసింది. మారదని గొప్పలు పోయాను. మారకుండా నిలబడి, ఆ ఇంటి గురించి తప్పు చెప్పింది. చూపుగుడ్డ అయితే కనీసం ఓదార్చేది.

"ఇది ఆయనకు జెప్పరాదా?" అన్నాను.

"మాట జెప్తె ఆయనకు ఎట్ల గావాల్నో గట్ల తిప్పుకుంటడు. అలవాటైపోయింది. నేను గూడ గంతే." సుగుణ కెమెరా వైపు చూసింది. "దీనికి తిప్పుకునుడు రాదన్నవ్ గద?"

"రాదు."

"సోమవారం దీన్ని గొంచవోతరంటివి. రేపు అయితారం. రేపు నేను తీస్త."

నమోదు 8, ఆదివారం

దర్శకురాలు సుగుణ తెల్లవారకముందే నన్ను లేపి ఇల్లు ఊడ్పించింది. ఊడ్చిన ఇల్లు నిజంగా ఊడ్చినట్టు లేదని మళ్ళీ ఊడ్పించింది. నేను ఇరవై ఏళ్ళలో ఏ నటుణ్ణీ ఇంత సతాయించలేదు.

అత్తగా చేయమంటే కనకవ్వ ససేమిరా అంది. "ఒక్కపారి సచ్చిన, సాలు. మల్ల సస్తె జనం ఈసారి పూలదండలు దెస్తరు" అని చాప మీద చతికిలబడింది. కోడలుగా సుగుణే చేస్తానంది. ఇక మిగిలింది నేను. నెత్తికి సున్నం పూసి, లసుమవ్వలాగా చీర కట్టించి, మంచంలో పడుకోబెట్టారు.

"కండ్లు మూసుకో. నేను పోయొచ్చేదాక తెరవకు. ఊపిరి మెల్లగ. ముక్కు గోక్కోకు."

"నా వంతు మాటలు?"

"ఒక్కటే మాట. చెప్పినంక మూసుకొని ఉండుడే."

కిటికీలోంచి వచ్చే ఎండను మంచం మీదికి తిప్పడానికి పెద్ద అల్యూమినియం పళ్ళెం పట్టుకొనే మనిషి కావాలి. కనకవ్వ పోయి నాంపెల్లిని పిలుచుకొచ్చింది. ఏం చెప్పి తెచ్చిందో తెలియదు. ఆయన గుమ్మంలో నిలబడి, మంచాన్ని చూసి, మంచం పక్కన ఉన్న చిలుము పట్టిన చెంబును చూశాడు. ఆ చెంబు వాళ్ళింటిదే. సుగుణ సంచిలో తెచ్చుకుంది.

"పళ్ళెం వట్టుకొని ఆడ నిలవడు. కదలకు. మాట్లాడకు" అంది సుగుణ. వారం తర్వాత భర్తతో ఆమె మాట్లాడిన మొదటి మాటలు అవి.

కెమెరా తిరుగుతోంది. సుగుణ నాకు జావ తాగించింది. మూతి తుడిచింది. దిండు సర్దింది. నేను లోకంలో ఉన్న ఆర్తినంతా గొంతులోకి తెచ్చుకొని అన్నాను: "పో బిడ్డా, మొకం వాడిపోయిందే. పోయి జర గాలి పీల్చుకొని రా."

కళ్ళు మూసుకున్నాను. రెప్పల మీద వెలుగు ఒక్కసారి కదిలింది.

"గా మాట ఎవలన్నరు?" అంది నాంపెల్లి గొంతు.

"మాట్లాడద్దన్న గద" అంది సుగుణ.

"ఎవలన్నరే?"

"మీ అమ్మ."

కళ్ళు తెరవాలని నాకు ఎంత అనిపించిందో రాయలేను. లోకమంతా కళ్ళు తెరిచి చూడాలని ఇరవై ఏళ్ళుగా ఉపన్యాసాలిచ్చిన మనిషిని, సరిగ్గా చూడవలసిన ఒక్క నిమిషంలో కళ్ళు మూసుకొని పడుకొని ఉన్నాను. దర్శకురాలి ఆజ్ఞ. ఆమె చాలా కచ్చితమైన మనిషి.

"నీకు పొమ్మన్నదా?"

"ఔ."

"మరి నాకు ఎందుకు జెప్పలే?"

"నువ్వు అడిగినవా?"

కనకవ్వ దగ్గు ఆపుకోవడం వినిపించింది. కెమెరా తిరుగుతూనే ఉంది. రీలు అయిపోతుందేమోనని నాకు బెంగ. ఇంత జరుగుతున్నా ఆ బెంగ ఏమిటని మీరు అడగవచ్చు. అది వృత్తి రోగం.

చివరికి నాంపెల్లి అన్నాడు: "గిది గట్ల గాదు. శమంత తప్పు జెప్తున్నది. మా అమ్మ బిడ్డా అనదు."

"మరేమంటది?" అంది సుగుణ. ఆమెకు తెలుసు. తెలిసే నాకు చెప్పలేదు. నా నోటి నుంచి ఆ పిలుపు వినడం ఆమెకు ఇష్టం లేకపోయి ఉంటుంది.

"సుగ్గీ అంటది."

"గట్లయితె మంచిగ చెప్పు. కెమెరా తిరుగుతనే ఉన్నది. ఇంకో రీలు లేదు."

ఆయన ఊపిరి తీసుకోవడం నాకు వినిపించింది. తర్వాత వచ్చిన గొంతు ఆయనది కాదు. కాస్త సన్నగా, ముక్కుతో పలికినట్టు, పళ్ళు లేని నోటి నుంచి వచ్చినట్టు ఉంది. లసుమవ్వ గొంతు గల్లీలో మాకందరికీ గుర్తే.

"సుగ్గీ. మొకం వాడిపోయిందే. పోయి జర గాలి పీల్చుకొని రా. నాకేం గాదు తియ్."

ఆ చివరి మాట సుగుణ మాకెవరికీ చెప్పలేదు. ఆయన పనికి పోతున్నప్పుడు తల్లి నోట విన్నదే అయి ఉంటుంది.

"బస్టాండు దాక వోయి చాయ్ తాగొస్త అత్తమ్మా" అంది సుగుణ. ఆమె అడుగులు గడప దాటాయి, వాకిలి దాటాయి, గల్లీలో కలిసిపోయాయి. ఆమె నిజంగానే బస్టాండుకు పోయింది. అది దర్శకురాలి పద్ధతి కాబోలు.

నా రెప్పల మీద వెలుగు వణకడం మొదలైంది. మొదట కొంచెం, తర్వాత బాగా. పళ్ళెం పట్టుకున్న మనిషి ఏడుస్తున్నాడని మాత్రం తెలుస్తోంది, చప్పుడు లేదు. నిలకడ లేని వెలుతురు సాంకేతిక లోపం కిందికి వస్తుంది. శాఖ వారు గమనించగలరు. రీలు ఎప్పుడో అయిపోయింది. కెమెరా ఉత్తగా టకటకమంటూ ఆగింది. నేను నవ్వు మొహంతో చచ్చి పడుకొనే ఉన్నాను. నవ్వుకుంటూ పోయిందని చెప్పింది కదా.

ఎంతసేపటికో అడుగులు వచ్చాయి. గుమ్మంలో ఆగాయి.

పళ్ళెం నేల మీద పెట్టిన చప్పుడైంది.

"చాయ్ ఎట్లున్నది?" అన్నాడు నాంపెల్లి.

సుగుణ చెప్పులు విడిచింది. కొంగుతో మొహం తుడుచుకున్న చప్పుడు.

"సక్కెర ఎక్కువేసిండు" అంది.

"బస్టాండుల గంతే. ఎప్పుడు గట్లనే ఏస్తడు."

"ఆ దినం గూడ గట్లనే ఉండె" అంది సుగుణ.

ఇద్దరూ వంటింట్లోకి వెళ్ళారు. డబ్బాలు వెతుకుతున్న చప్పుడు, పొయ్యి వెలిగిన చప్పుడు. "శమంత ఇంట్ల అల్లం గూడ ఉండదు" అని సుగుణ విసుక్కోవడం, "పక్కకెల్లి దెస్త" అని నాంపెల్లి. పక్క అంటే వాళ్ళిల్లే.

ఈ నమోదులు, కెమెరా, పొట్టికాలు స్టూలు రేపు ప్రణీత్ గారికి అప్పగిస్తాను. రీలు ఇవ్వను. అది నేను తీసింది కాదు.

మీకు ఇంకొక్క సంగతి తెలియజేయాలి. వంటింట్లో చాయ్ మరిగిన వాసన వచ్చేదాకా కూడా నన్ను లేవమని దర్శకురాలు చెప్పనేలేదు.